తొమ్మిదితో ముగిసే జబ్బులు

ఆరోగ్య బీమా క్లెయిమ్ ఫారంలో రెండో భాగాన్ని ఆసుపత్రి నింపాలి. ముఖ్య రోగ నిర్ధారణ, అదనపు రోగ నిర్ధారణ, వాటితో పాటు ఉన్న ఇతర జబ్బులు అంటూ అందులో గళ్లుంటాయి. ఒక్కో గడిలో ఐసీడీ-10 కోడ్ రాయాలి. ఐసీడీ అంటే ప్రపంచ ఆరోగ్య సంస్థ నిర్వహించే అంతర్జాతీయ రోగ వర్గీకరణ. పొత్తికడుపు నొప్పితోనో, నెలసరి తేడాతోనో, ఆగని రక్తస్రావంతోనో ఆసుపత్రిలో చేరిన స్త్రీ కాగితాల మీద ఆ గడిలో ఎన్94.9 అనో, ఎన్93.9 అనో, డి25.9 అనో కనిపించడం మామూలే. మూడింటి చివరా తొమ్మిదే. స్త్రీ జననాంగాలకూ నెలసరికీ సంబంధించిన ఏదో సమస్య ఉంది, ఫలానా అని తేలలేదు అని మొదటి కోడ్ చెబుతుంది. అసహజ రక్తస్రావం ఉంది, ఏ రకమో రాయలేదు అని రెండోది చెబుతుంది. గర్భసంచిలో ఫైబ్రాయిడ్ గడ్డ ఉంది, గోడలో ఎక్కడుందో రాయలేదని మూడోది. ఈ తొమ్మిది మీద ఇప్పుడు రెండు అభిప్రాయాలు చలామణీలో ఉన్నాయి. డాక్టర్లూ కోడర్లూ బద్ధకించి రాసే కోడ్ ఇది, తీసిపారేయాలి అన్నది ఒకటి. ఇదంతా బిల్లుల గొడవ, వైద్యానికి దీంతో పనిలేదు అన్నది రెండోది. రెండూ పొరపాటేనని నా అభిప్రాయం. రోగి మొదటిసారి ఓపీలో కూర్చున్న రోజున ఆ తొమ్మిది నిజాయితీగల జవాబు. గర్భసంచి తీసేయడానికి అనుమతి అడిగే కాగితం మీదా, మరణ ధ్రువపత్రం మీదా కూడా అదే తొమ్మిది మిగిలిపోతే మాత్రం అది స్త్రీల ఆరోగ్యానికి హాని చేస్తుంది. కోడ్ మంచిదా చెడ్డదా అని కాక, అది ఏ దశలో, ఎంతకాలం నిలిచి ఉందో చూడాలి.

ముందు ఆ తొమ్మిది ఎందుకు పుట్టిందో చూద్దాం. 1893లో ఫ్రెంచి గణాంకవేత్త జాక్ బెర్తియోఁ మరణ కారణాల జాబితా ఒకటి తయారుచేశాడు. అప్పట్లో దాని పని చనిపోయినవాళ్లను లెక్కించడమే. 1948లో ఆరో సవరణతో అది ప్రపంచ ఆరోగ్య సంస్థ చేతికి వచ్చింది, అప్పటినుంచే బతికున్నవాళ్ల జబ్బులకు కూడా విస్తరించింది. 1990లో ఆమోదం పొందిన పదో సవరణను మన దేశం సహా చాలా దేశాలు ఇంకా వాడుతున్నాయి. వర్గీకరణకు ఒక నియమం తప్పదు: వచ్చిన ప్రతి కేసుకూ ఎక్కడో ఒకచోట స్థానం ఉండాలి, ఒక్కటి కూడా బయట మిగలకూడదు. అందుకని చాలా వర్గాల చివర రెండు మిగులు స్థానాలు పెట్టారు. జబ్బు ఏమిటో తెలిసింది గానీ దానికి విడిగా కోడ్ లేదంటే ఎనిమిది. ఏమిటో రాయనే లేదంటే తొమ్మిది. ఎన్94 వర్గాన్నే తీసుకోండి. అండం విడుదలైనప్పుడు వచ్చే నొప్పి, సంభోగ సమయంలో నొప్పి, నెలసరికి ముందు వచ్చే ఇబ్బందులు, వేరే జబ్బేదీ లేకుండా వచ్చే బహిష్టు నొప్పి, వేరే జబ్బు వల్ల వచ్చే బహిష్టు నొప్పి, ఇలా విడివిడి గళ్లు ఉన్నాయి. ఇవేవీ రాయకుండా కేస్ షీట్‌లో ‘స్త్రీల సమస్య’ అని వదిలేస్తే ఎన్94.9. ఆ గడి లేకపోతే ఆ స్త్రీ లెక్కలోకే రాదు. లేదంటే కోడర్ తనకు తోచిన జబ్బును ఆమెకు అంటగట్టాలి. కాబట్టి తొమ్మిదిని రద్దు చేయడం అనేది ఆలోచనకే నిలవదు.

చిక్కు అంతా ఆ ఒక్క అంకె కింద మూడు వేర్వేరు సంగతులు దాక్కోవడంలో ఉంది. వైద్యశాస్త్రానికే ఇంకా కారణం అంతుపట్టని బాధలు కొన్ని. ఈ డాక్టరుకు ఇంకా తెలియనివి, పరీక్షలు చేస్తే తేలేవి మరికొన్ని. డాక్టరుకో, స్కానింగ్ రిపోర్టుకో తెలిసి కూడా కాగితం మీదికి రానివి ఇంకొన్ని. మొదటిదానికి పరిశోధన కావాలి, రెండోదానికి పరీక్షలూ ఓపికా కావాలి, మూడోదానికి కావలసింది ఒక వాక్యం రాసే అలవాటు. మూడింటికీ మందు వేరైనా కోడ్ మాత్రం ఒకటే. గణాంకాలు చూసి విధానాలు రాసేవాళ్లకు ఏది ఎంతో తెలిసే దారి లేదు. స్త్రీ రోగాల విషయంలో ఇది మరీ ఇబ్బంది, ఎందుకంటే ఐసీడీ-10లో ఇవి ఒకచోట కూడా లేవు. ఫైబ్రాయిడ్లు కణుతుల అధ్యాయంలో డి అక్షరం కింద, పీసీఓఎస్ హార్మోన్ల అధ్యాయంలో ఇ28.2గా, క్యాన్సర్లు సి కింద, ఏ అవయవానిదో చెప్పలేని పొత్తికడుపు నొప్పి లక్షణాల అధ్యాయంలో ఆర్10.2గా, మిగతావి ఎన్ కింద ఉన్నాయి. ఒకే స్త్రీ ఒకే జబ్బుతో నాలుగేళ్లలో నలుగురు డాక్టర్ల దగ్గరికి వెళ్తే ఒకచోట ఆర్10.2, ఒకచోట ఎన్94.6, అంటే రకం చెప్పని బహిష్టు నొప్పి, ఇంకోచోట ఎన్93.9 రాసి, చివరికి లాపరోస్కోపీలోనో మంచి స్కానింగ్‌లోనో ఎండోమెట్రియోసిస్ అని తేలవచ్చు. పునరుత్పత్తి వయసు స్త్రీలలో దాదాపు పది శాతం మందికి, ప్రపంచవ్యాప్తంగా సుమారు 19 కోట్ల మందికి ఈ జబ్బు ఉంటుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా. నిర్ధారణకు ఏళ్లకేళ్లు పట్టడం దీని లక్షణమా అన్నంతగా మారింది. ఆ ఏళ్లన్నీ లెక్కల్లో మూడు సంబంధం లేని చిన్న జబ్బులుగా కనిపిస్తాయి. ఆలస్యం ఎంత జరిగిందో కొలిచే ఆధారమే చెదిరిపోతుంది.

మూడో రకం, అంటే తెలిసి కూడా రాయనిది, అన్నిటికంటే ఎక్కువ బాధ కలిగించేది. రక్తస్రావం కోడ్‌లను దగ్గరగా చూస్తే ఇది తెలుస్తుంది. నెల నెలా సరిగా వస్తూ ఎక్కువ పోతుంటే ఎన్92.0. తేదీలు తప్పి ఎక్కువ పోతుంటే ఎన్92.1. ముట్లు ఆగిపోయే వయసు దగ్గరపడి ఎక్కువ పోతుంటే ఎన్92.4. ముట్లు పూర్తిగా ఆగిపోయాక మళ్లీ రక్తం కనిపిస్తే ఎన్95.0. వీటిని వేరుచేయడానికి స్కానింగ్ అక్కర్లేదు, రక్తపరీక్ష అక్కర్లేదు. ఆఖరిసారి ఎప్పుడు వచ్చింది, ఎన్ని రోజులకోసారి వస్తుంది అని రెండు ప్రశ్నలు అడిగితే చాలు. వాటి విలువ మాత్రం చాలా పెద్దది. ముట్లు ఆగాక రక్తస్రావం అయిన స్త్రీలలో సుమారు తొమ్మిది శాతం మందికి గర్భాశయపు లోపలి పొర క్యాన్సర్ ఉన్నట్టు, ఆ క్యాన్సర్ వచ్చినవాళ్లలో దాదాపు తొంభై శాతం మందికి ఈ రక్తస్రావం కనిపించినట్టు, అనేక అధ్యయనాలను కలిపి 2018లో ప్రచురించిన విశ్లేషణ చూపించింది. దేశాన్నిబట్టి ఆ శాతం మారుతుంది గానీ హెచ్చరిక మారదు. యాభై ఎనిమిదేళ్ల స్త్రీ కాగితం మీద ఎన్95.0 బదులు ఎన్93.9 పడితే ఆ హెచ్చరిక చెరిగిపోయినట్టే. తరవాత ఆ కాగితం చూసే డాక్టరుకు గానీ, బీమా సంస్థకు గానీ, ఆసుపత్రి రికార్డుల విభాగానికి గానీ ఇది తొందరగా చూడవలసిన కేసు అని తెలిసే గుర్తు ఏదీ మిగలదు.

ఫైబ్రాయిడ్ల సంగతి కూడా అంతే. గడ్డ గర్భసంచి లోపలి పొర కిందినుంచి లోపలికి పొడుచుకొస్తే డి25.0, గోడ మధ్యలో ఉంటే డి25.1, బయటి వైపుకు పెరిగితే డి25.2. లోపలికి పొడుచుకొచ్చిన చిన్న గడ్డ కూడా విపరీతంగా రక్తం పోయేలా చేస్తుంది. బయటివైపు పెరిగింది పెద్దదైనా చాలాసార్లు రక్తస్రావానికి కారణం కాదు, పక్క అవయవాల మీద ఒత్తిడే తెస్తుంది. మొదటిదాన్ని చాలామందిలో యోని మార్గం నుంచి హిస్టెరోస్కోపీతో తీసేసి గర్భసంచిని కాపాడవచ్చు. స్కానింగ్ రిపోర్టులో గడ్డ ఎక్కడుందో, ఎన్ని సెంటీమీటర్లో సాధారణంగా రాసే ఉంటుంది. ఆ సమాచారం డిశ్చార్జి సమ్మరీకి వచ్చేసరికి ‘ఫైబ్రాయిడ్ యుటరస్’ అనే రెండు మాటలుగా కుదించుకుపోతుంది, అక్కణ్ణుంచి క్లెయిమ్ ఫారంలోకి డి25.9గా దిగుతుంది. ఆమె రక్తస్రావానికి ఆ గడ్డే కారణమా, లేక గడ్డ ఊరికే ఉండి కారణం ఇంకేదో ఉందా అన్న అసలు ప్రశ్నకు జవాబు ఆ తొమ్మిదిలో పోయింది. ఇక్కడ కొరత జ్ఞానంది కాదు, డబ్బుదీ కాదు.

ఈ చిక్కును స్త్రీ వైద్య నిపుణులే గుర్తించి ఒక దారి చూపారు. గర్భవతి కాని స్త్రీలలో అసహజ రక్తస్రావానికి ఎన్నో దశాబ్దాలుగా ‘డిస్‌ఫంక్షనల్ యుటరైన్ బ్లీడింగ్’ అనే మాట వాడుకలో ఉండేది. ఒక్కొక్కరు ఒక్కో అర్థంలో వాడేవారు. అంతర్జాతీయ స్త్రీ వైద్య, ప్రసూతి నిపుణుల సమాఖ్య ఫిగో 2011లో ఆ మాటను పక్కన పెట్టి, కారణాలను తొమ్మిదిగా విడదీసింది. పాలిప్, అడినోమయోసిస్, ఫైబ్రాయిడ్, క్యాన్సర్ లేదా దాని ముందు దశ, ఈ నాలుగూ కంటికో స్కానింగ్‌కో సూక్ష్మదర్శినికో కనిపించేవి. రక్తం గడ్డకట్టడంలో లోపం, అండం సరిగా విడుదల కాకపోవడం, లోపలి పొరలోనే లోపం, మందులూ కాపర్‌టీ వంటివాటి ప్రభావం, ఈ నాలుగూ కనిపించనివి. ఇక ఆఖరిది, వీటిలో దేనిలోనూ చేరనిది. గమనించవలసింది ఈ ఆఖరి స్థానాన్నే. ఇక్కడా మిగులు గడి ఉంది, కానీ మిగతా ఎనిమిదింటినీ చూసి కొట్టేశాకే దాని దగ్గరికి రావాలి. ఐసీడీలో తొమ్మిది తొలి అడుగులోనే అందే మెట్టు. ఫిగో పద్ధతిలో అదే గడి చివరి మెట్టు. నేను అడుగుతున్న మార్పు కూడా ఇదే.

తొమ్మిది చివరి మాటగా మిగిలితే ఏమవుతుందో మన తెలుగు రాష్ట్రాలకు తెలిసినంతగా దేశంలో మరెవరికీ తెలియదు. 2015-16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం 15 నుంచి 49 ఏళ్ల స్త్రీలలో గర్భసంచి తీసేయించుకున్నవాళ్లు దేశం మొత్తమ్మీద 3.2 శాతం. ఆంధ్రప్రదేశ్‌లో 8.9 శాతం, తెలంగాణలో 7.7 శాతం. ఆపరేషన్ నాటికి వయసు దేశవ్యాప్తంగా మధ్యస్థంగా 34 ఏళ్లు, అంటే సగం మందికి అంతకంటే ముందే అయిపోయింది. కారణం అడిగితే సగానికి పైగా స్త్రీలు చెప్పింది అధిక రక్తస్రావం లేదా నొప్పి అని. ఆ జవాబు స్త్రీలది, డాక్టర్లు రాసిన కోడ్ కాదు, రెంటినీ కలిపి చూడకూడదు. అయినా అది ఒక లక్షణం పేరే, జబ్బు పేరు కాదు. అవయవాన్ని తీసేసిన తరవాత కూడా ఆమె దగ్గర మిగిలింది లక్షణం పేరే అంటే, ఎందుకు తీశారో ఆమెకు ఎవరూ విడమరచి చెప్పలేదని నాకు అనిపిస్తుంది. ముప్పై నాలుగేళ్లకు గర్భసంచితో పాటు అండాశయాలు కూడా తీసేస్తే ఎముకలు గుల్లబారడం, గుండె జబ్బుల ముప్పు ముందుకు రావడం వైద్యులకు తెలిసిన సంగతే. పొలం పనికీ కూలికీ వెళ్లే స్త్రీకి అది జీవనోపాధి సమస్య కూడా.

బిహార్, ఛత్తీస్‌గఢ్, రాజస్థాన్‌లలో అవసరం లేకుండా జరిగిన ఇలాంటి ఆపరేషన్ల మీద డాక్టర్ నరేంద్ర గుప్తా 2013లో సుప్రీంకోర్టులో వేసిన ప్రజాప్రయోజన వ్యాజ్యం 2023 ఏప్రిల్ 5న తేలింది. కేంద్రం 2022లో తయారుచేసిన మార్గదర్శకాలను రాష్ట్రాలన్నీ మూడు నెలల్లో అమలులోకి తేవాలని కోర్టు ఆదేశించింది. జిల్లా, రాష్ట్ర, జాతీయ స్థాయుల్లో పర్యవేక్షణ కమిటీలు ఉండాలన్నది వాటిలో ముఖ్యమైన భాగం. ఇక్కడ ఒక ఆక్షేపణ న్యాయంగానే వస్తుంది. కోడ్ వల్ల ఎవరూ ఆపరేషన్ చేయరు కదా, పేదరికం, భయం, గర్భసంచి ఉంటే క్యాన్సర్ వస్తుందన్న బెదిరింపు, పిల్లలు పుట్టాక దాంతో పనేముందన్న ఆలోచన, ప్రైవేటు ఆసుపత్రుల లాభం, ఇవి కదా కారణాలు అని. నిజమే. కోడ్ రోగానికి మూలం కాదు. కానీ పై కారణాలన్నీ చివరికి ఒక కాగితం గుండానే నడవాలి. ప్రభుత్వ ఆరోగ్య పథకాల్లో ఆపరేషన్‌కు ముందు రిపోర్టులు పంపి ముందస్తు అనుమతి తీసుకునే పద్ధతి ఉంది. ప్రైవేటు బీమాలో నగదు రహిత చికిత్సకూ అంతే. అక్కడ కూర్చున్న డాక్టరు ఎన్93.9 చూసి గర్భసంచి తీయడానికి సరే అంటే, అడ్డుకోగలిగిన ఒకే ఒక్క చోట కూడా ఎవరూ అడ్డుకోనట్టు. ‘ఏ కారణంతో రక్తం పోతోందో తేల్చారా, మందులు ఎన్ని నెలలు వాడారు, లోపలి పొర ముక్క తీసి పరీక్షించారా’ అని అడగడానికి ఆ తొమ్మిదే సూచన కావాలి.

మరణాల దగ్గర ఈ తొమ్మిదికి మారుపేరు సి55. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌కు సి53, గర్భాశయం పైభాగంలో వచ్చే క్యాన్సర్‌కు సి54, ఏ భాగమో రాయకపోతే సి55. ఇంట్లో అందరూ రెంటినీ ‘గర్భసంచి క్యాన్సర్’ అనే అంటారు, ధ్రువపత్రం మీద కూడా అదే దిగుతుంది. ఈ రెండు క్యాన్సర్ల కారణాలు వేరు, నివారణ వేరు. మొదటిదానికి మూలం హెచ్‌పీవీ వైరస్, టీకాతోనూ ముందస్తు పరీక్షలతోనూ చాలావరకు ఆపవచ్చు. రెండోది ఊబకాయం, హార్మోన్లతో ముడిపడింది. ప్రపంచ మరణ కారణాలను లెక్కగట్టే పరిశోధకులు సి55 వంటివాటిని పనికిరాని కోడ్‌ల జాబితాలో వేసి, ఆ మరణాలను ఒక పద్ధతి ప్రకారం సి53కూ సి54కూ పంచుతారు. 2022కు ముఖద్వార క్యాన్సర్ వల్ల మన దేశంలో సుమారు 80 వేల మరణాలు అన్న అంచనా ఇలాంటి సర్దుబాట్లతో తయారైనదే. ఇక్కడ నమోదైన మరణాల్లో పావు వంతుకైనా వైద్యులు ధ్రువీకరించిన కారణం లేని పరిస్థితి. ఆ కొద్ది కాగితాల మీద కూడా ఏ భాగమో రాయకపోతే టీకా ఎంత పని చేసిందో ఇరవై ఏళ్ల తరవాత కూడా మనం అంచనాలతోనే తేల్చుకోవాలి.

ఇప్పుడు నా వాదనకు ఎదురయ్యే గట్టి ఆక్షేపణ దగ్గరికి వస్తాను. తొమ్మిదిని తగ్గించమని ఒత్తిడి చేస్తే డాక్టర్లు ఎక్కువ శోధించరు, తోచిన కచ్చితమైన కోడ్ వేసేస్తారు, దొంగ కచ్చితత్వం వస్తుంది అంటారు. దీనికి అమెరికా అనుభవమే మంచి పాఠం. ఆ అనుభవంలో మనవాళ్లకు నేరుగా చేయి ఉంది కూడా. 2015 అక్టోబరు 1న అమెరికా తన సొంత ఐసీడీ-10కు మారినప్పుడు కోడ్‌ల సంఖ్య 14 వేల చిల్లర నుంచి 69 వేల దాకా పెరిగింది. ఆ కోడింగ్ పనిలో గణనీయమైన భాగం హైదరాబాద్ ఆఫీసుల్లో జరుగుతుంది. అమీర్‌పేట సంస్థల్లో శిక్షణ తీసుకుని, మెడికల్ కోడర్ల సీపీసీ పరీక్ష పాసైన బీఫార్మసీ, మైక్రోబయాలజీ, నర్సింగ్ చదువుకున్న యువత రోజుకు ఇన్ని చార్టులు అన్న టార్గెట్ మీద ఆ పని చేస్తున్నారు. వాళ్లకు మొదట నేర్పే సూత్రం, చార్టులో డాక్టరు రాయనిది కోడ్ చేయకూడదు అని. అమెరికా ప్రభుత్వ కోడింగ్ నియమాలు ఇంకా స్పష్టంగా ఉన్నాయి: ఆ పూట తెలిసింది అంతే అయితే లక్షణం కోడ్ గానీ తొమ్మిది కోడ్ గానీ వేయడమే సరైనది, చార్టు సమర్థించని కచ్చితమైన కోడ్ వేయడం తప్పు, కోడ్ కోసమే అక్కర్లేని పరీక్షలు చేయడమూ తప్పు. ఓపీ రోగికి ‘అయి ఉండవచ్చు’ అని రాసిన జబ్బును ఉన్నట్టుగా కోడ్ చేయకూడదు, లక్షణాన్నే కోడ్ చేయాలి. మొదటి ఏడాది అక్కడి ప్రభుత్వ బీమా మెడికేర్ కూడా, కోడ్ సరైన కుటుంబంలో ఉంటే కచ్చితత్వం చాలలేదన్న ఒక్క కారణంతో డాక్టర్ల క్లెయిమ్ తిరస్కరించబోమని వెసులుబాటు ఇచ్చింది. 2022 ఏప్రిల్‌లో గట్టిపడింది మాత్రం ఎక్కడంటే, ఇన్‌పేషెంట్ క్లెయిముల్లో కుడివైపా ఎడమవైపా అన్నది రాయని కొన్ని కోడ్‌ల మీద.

ఆ చివరి నిర్ణయం నాకు చాలా సబబుగా అనిపిస్తుంది. ఏ వైపో అన్నది చేరిన రోగిని చూసిన ఎవరికైనా తెలిసే సంగతి. అది రాయకపోవడాన్ని క్షమించనక్కర్లేదు. నొప్పికి కారణం తెలియకపోవడం వేరు, దాన్ని శిక్షించకూడదు. అంటే ఆక్షేపణలో ఉన్న నిజాన్ని ఒప్పుకుంటూనే దాన్ని దాటవచ్చు: ఒత్తిడిని మూడో రకం మీద, తెలిసి రాయని దాని మీద మాత్రమే పెట్టాలి. అక్కడ అందుబాటులో ఉన్న సాధనం కోడర్ డాక్టరుకు రాసే ప్రశ్న. ‘స్కానింగ్‌లో మూడు సెంటీమీటర్ల గడ్డ లోపలి పొర కింద ఉందని రిపోర్టు, మీ నిర్ధారణ తెలపగలరు’ అని అడగవచ్చు. ‘డి25.0 అని రాయండి’ అని మాత్రం అడగకూడదు. మన ఆసుపత్రుల్లో ఇలా అడిగే అధికారం, ధైర్యం రికార్డుల విభాగం ఉద్యోగికి లేవు. విదేశీ చార్టుల కోసం ఇంత క్రమశిక్షణ నేర్చిన మనుషులు వేలల్లో ఉన్న ఊళ్లోనే స్థానిక ఆసుపత్రి కేస్ షీట్‌కు ఆ శ్రద్ధ దక్కకపోవడం నాకు బాధ కలిగించే విషయం.

రెండో ఆక్షేపణ ప్రాథమిక ఆరోగ్య కేంద్రాల నుంచి వస్తుంది. ఉదయం ఓపీలో వంద మంది, తెర కూడా సరిగా లేని గది, మహిళా డాక్టరు లేని రోజులు, ఇక్కడ నిర్ధారణ ఎక్కడ కుదురుతుంది? కుదరదు, ఒప్పుకోవలసిందే. తెలంగాణకు ఆనుకుని ఉన్న గడ్చిరోలి జిల్లాలో రెండు ఊళ్లలోని 650 మంది స్త్రీలను పరీక్షించి రాణీ బంగ్, అభయ్ బంగ్ బృందం 1989లో లాన్సెట్ పత్రికలో ప్రచురించిన ఫలితాలు ఇప్పటికీ చదవదగ్గవి. బాధ ఉందని చెప్పినవాళ్లు 55 శాతం. పరీక్షలో స్త్రీ రోగం ఏదో ఒకటి ఉన్నవాళ్లు 92 శాతం, సగటున ఒక్కొక్కరికి 3.6 జబ్బులు. అంతకుముందు ఎప్పుడైనా ఆ పరీక్ష చేయించుకున్నవాళ్లు 8 శాతమే. తొమ్మిది కోడ్ కూడా దక్కని స్త్రీలే అక్కడ ఎక్కువ. అలాంటిచోట తెల్లబట్టకు ఆకుపచ్చ కిట్, పొత్తికడుపు నొప్పికి పసుపు కిట్ ఇచ్చే లక్షణాధారిత చికిత్స ఒక మధ్యేమార్గం. దానివల్ల ఇన్ఫెక్షన్ లేనివాళ్లకూ మందులు పడతాయన్న విమర్శ ఉన్నా, ఏమీ చేయకపోవడం కంటే మేలు. ప్రాథమిక స్థాయికి ఐసీడీ కంటే 1987లో కుటుంబ వైద్యుల ప్రపంచ సంస్థ తెచ్చిన ఐసీపీసీ వర్గీకరణ నప్పుతుంది. రోగి ఎందుకు వచ్చిందో ఆమె చెప్పినట్టుగా, తెల్లబట్ట, బహిష్టు నొప్పి, నడిమధ్య రక్తం అని రాసుకోవడం అందులో లోపం కాదు, పద్ధతే. అక్కడ లక్షణం కోడ్ పెట్టి, నెలలో తగ్గకపోతే పైఆసుపత్రికి పంపాలన్న నియమం పెడితే తొమ్మిది తన పని తాను చేసినట్టు.

ఇంకొక అభ్యంతరం నెమ్మదిగా చెప్పేది, అయినా బలమైనది. పెళ్లికాని అమ్మాయి కాగితం మీద సుఖవ్యాధి పేరో, కటి ప్రాంతపు ఇన్ఫెక్షన్ పేరో రాస్తే కంపెనీ గ్రూపు బీమా ద్వారా అది ఎవరి చేతికి వెళ్తుందో తెలియదు. అందుకే కొందరు డాక్టర్లు కావాలనే మసకగా రాస్తారు. ఆ దయను తప్పుపట్టలేం. కానీ మసక కోడ్ ఆమెను ఒక్కరోజు కాపాడి, తరవాతి డాక్టరు చేతిలో ఏ ఆధారమూ లేకుండా వదిలేస్తుంది. వివరం కేస్ షీట్‌లో పూర్తిగా ఉండాలి, బీమాకూ యాజమాన్యానికీ వెళ్లే కాగితంలో ఎంత ఉండాలో ఆమె సమ్మతితో తేలాలి. గోప్యతను చట్టంతో, తాళంతో కాపాడాలి గానీ వైద్య రికార్డును ఖాళీగా ఉంచి కాదు.

ఐసీడీ-11 వస్తే ఇదంతా సర్దుకుంటుందని ఆశపడేవాళ్లున్నారు. 2019లో ఆమోదం పొంది 2022 జనవరి 1 నుంచి అమలులోకి వచ్చిన ఆ సవరణలో తొమ్మిది పోయి జెడ్ అక్షరం వచ్చింది, స్వభావం అదే. అయితే రెండు నిజమైన మేళ్లు ఉన్నాయి. కోడ్‌కు తోకలా చేర్చి ఇది తాత్కాలిక నిర్ధారణ అనో, పోటీలో ఉన్న నిర్ధారణల్లో ఒకటి అనో చెప్పగల వీలుంది. తెలియనిదానికీ రాయనిదానికీ మధ్య గీత గీయడానికి ఇదే తొలి సాధనం. రెండోది, మూడు నెలలకు మించి ఉండి, వేరే జబ్బు దేనితోనూ పూర్తిగా వివరించలేని కటి నొప్పిని దానంతట అదే ఒక జబ్బుగా, ప్రాథమిక దీర్ఘకాలిక నొప్పిగా గుర్తించడం. వైద్యానికే తెలియని నొప్పి ఇన్నాళ్లూ తొమ్మిదిలోనో, ‘నీకేం లేదమ్మా, మనసులోనే’ అన్న మాటలోనో పడిపోయేది. ఇప్పుడు దానికి ఒక పేరు, వైద్యం అడిగే హక్కు వచ్చాయి. 2024 జనవరిలో ఆయుర్వేద, సిద్ధ, యునాని పదాలను కూడా ఐసీడీ-11 సంప్రదాయ వైద్య అధ్యాయంలో చేర్చారు. వాటిని ఐసీడీ నిర్ధారణకు తోడుగా వాడితే ఉపయోగమే, బదులుగా వాడితే మళ్లీ ఇంకో మసక పొర అవుతుంది.

కాబట్టి కొత్త కోడ్‌లకంటే ముందు చేయదగిన పని మన చేతిలోనే ఉంది. అమెరికా 2022 అక్టోబరులో ఎండోమెట్రియోసిస్‌కు ఎడమా కుడా, పైపైనా లోతుగానా అని విడదీసి కొత్త కోడ్‌ల వరస తెచ్చింది. మనకు ప్రస్తుతం అంత సన్నని విభజన అక్కర్లేదు. ముట్లు ఆగాయా లేదా, గడ్డ ఎక్కడుంది, నొప్పి ఎన్ని నెలలుగా ఉంది, ఏ మందులు పనిచేయలేదు అన్నవి క్లెయిమ్ ఫారంలో తొమ్మిది కోడ్ పడిన వెంటనే తప్పనిసరి ప్రశ్నలుగా తెరుచుకుంటే చాలు. సుప్రీంకోర్టు చెప్పిన జిల్లా కమిటీలకు కూడా ఇదే ఆధారం కావాలి. ప్రతి గర్భసంచి ఆపరేషన్‌కూ మూడు వివరాలు పక్కపక్కన పెట్టాలి: మొదటిసారి వచ్చినప్పటి కోడ్, ఆపరేషన్‌కు అనుమతి అడిగినప్పటి కోడ్, తీసేసిన గర్భసంచిని పరీక్షించిన పాథాలజీ రిపోర్టు. మొదటి రెండూ ఒకే తొమ్మిదిగా ఉండి మధ్యలో కొన్ని వారాలే గడిస్తే, లేదా పాథాలజీలో చెప్పుకోదగ్గ జబ్బేదీ కనిపించకపోతే, ఆ కేస్ షీట్లను ముందు తెరవాలి. పాథాలజీకి పంపనే లేదంటే వాటిని ఇంకా ముందు.